కోర్టు కాగితాలు మనమే చదువుకుందాం, 4వ పాఠం: నకలు రోజులు కలిపేశారు

కొట్టేసిన దావాని మళ్లీ తెరిపించుకునే పిటిషన్‌కి ఆఖరి తేదీ ఏదని పోయినసారి ఇచ్చిన లెక్కకి మీలో ఎక్కువమంది జులై 22 అని రాశారు. తప్పు. ఈ పాఠంలో అప్పీలు మెమో రాయడం చెప్తానన్నాను కానీ, గడువు దాటాక మెమో ఎంత బాగా రాసినా ఏం లాభం, అందుకని అది వచ్చేసారికి.

జూన్ 10న వాయిదాకి వాది వెళ్లలేదు, ప్రతివాది హాజరయ్యాడు, దావా డిఫాల్ట్ కింద, అంటే వాది రాలేదన్న కారణంతో, కొట్టేశారు. అంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 9 రూల్ 8. మళ్లీ తెరిపించుకోవాలంటే రూల్ 9 కింద అదే కోర్టులో పిటిషన్ వేయాలి, గడువు 30 రోజులు. కొట్టేసిన రోజు వదిలేస్తే జూన్‌లో 20, జులైలో 10. ఆఖరి తేదీ జులై 10. మీరు జూన్ 16న నకలుకి, అంటే ఆర్డరు సర్టిఫైడ్ కాపీకి, దరఖాస్తు పెట్టి 27న అందుకున్నారని ఆ 12 రోజులూ పైన కలిపారు.

కలపకూడదు. లిమిటేషన్ చట్టం సెక్షన్ 12లో నకలు రోజులు మినహాయించే వెసులుబాటు అప్పీలుకి, రివిజన్‌కి, రివ్యూకి ఇచ్చారు, దావా తెరవమని అడిగే పిటిషన్‌కి ఇవ్వలేదు. ఈ ఒక్క పొరపాటు చూస్తే నాకు చాలా బాధేస్తుంది, ఎందుకంటే కష్టపడి నకలు తెచ్చుకున్నవాళ్లే ఇందులో పడతారు, నిర్లక్ష్యంగా ఉన్నవాళ్లు కాదు. గాజువాక నుంచి ఒకావిడ వచ్చారు మా ఆఫీసుకి, చేతిలో నకలు, దాని వెనక దరఖాస్తు పెట్టిన తేదీ, ఛార్జీలు కట్టిన తేదీ, నకలు సిద్ధమైన తేదీ వరసగా ముద్రలో ఉన్నాయి, ఆవిడ వాటి కింద పెన్సిల్‌తో రోజులు కూడి టైముందనుకున్నారు. అప్పటికే 11 రోజులు దాటిపోయింది. సెక్షన్ 5 కింద ఆలస్యాన్ని మన్నించమని ఇంకో పిటిషన్ జతచేయాల్సి వచ్చింది.

ఆ పిటిషన్ అఫిడవిట్‌లో 'ఆరోగ్యం బాగోక రాలేకపోయాను' అని ఒక్క ముక్క రాసి వదిలేయకండి. ఆవిడ భర్తని విశాఖ కేజీహెచ్ ఆసుపత్రిలో చూపించిన ఓపీ చీటీలున్నాయి, వాటి తేదీలే వరసగా రాశాం. ఆలస్యం విషయంలో కోర్టులు మరీ పట్టుబట్టకూడదని 1987లో కాటిజీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది, దాన్ని ఉదహరించండి. కానీ నా అనుభవంలో జడ్జిగారు ముందు చూసేది చీటీలనే.

ఇక అప్పీలు. డిఫాల్ట్ డిస్మిసల్ డిక్రీ కాదు, అంటే హక్కులు తేల్చి ఇచ్చిన తీర్పు కాదు, కాబట్టి దాని మీద నేరుగా అప్పీలు లేదు. రూల్ 9 పిటిషన్‌ని కూడా కొట్టేస్తే అప్పుడు ఆర్డర్ 43 రూల్ 1(సి) కింద సీఎంఏ, అంటే సివిల్ మిసిలేనియస్ అప్పీలు, వేయాలి. పై కోర్టు జిల్లాలోనే ఉంటే 30 రోజులు, అమరావతి హైకోర్టుకైతే 90. నకలు రోజులు మినహాయించుకునేది ఇక్కడ. ఛార్జీలు కట్టమన్నాక మీరు ఆలస్యం చేస్తే మాత్రం ఆ రోజులు మీ ఖాతాలోకే వస్తాయి, అందుకే నేను దరఖాస్తు పెట్టిన మర్నాటి నుంచి రోజూ గుమాస్తాని పంపి, ఛార్జీలు కట్టమని బోర్డు మీద పెట్టారేమో చూసి రమ్మంటాను.

కోర్టు ఫీజు చాల్లేదని ప్లెయింటే, అంటే దావా పత్రమే, తిరస్కరించారనుకోండి, అది వేరే దారి. అది డిక్రీ కిందే లెక్క, మామూలు అప్పీలు వేయొచ్చు, లేదంటే గడువుంటే కొత్త ప్లెయింటు వేసుకోవచ్చు.

అభ్యాసం: భీమిలి స్థలం దావా, ఏప్రిల్ 21న ఇద్దరూ రాకపోతే కొట్టేశారు. నకలు మే 2న వచ్చింది. 30వ రోజు వేసవి సెలవుల్లో పడింది. ఏ రూల్, ఎన్ని దారులున్నాయి, ఆఖరి తేదీ ఏది, పిటిషన్ కొట్టేస్తే సీఎంఏ ఉందా లేదా, నాలుగింటికీ కారణంతో సహా రాయండి. లిమిటేషన్ చట్టం సెక్షన్ 4 చదవకుండా మొదలుపెట్టొద్దు.