భూసేకరణ పరిహారం కేసులో మీ పేరు లేదా? పార్టీగా ఎలా చేరాలి?

నాన్న సంపాదించిన నాలుగెకరాలు కాలువ కింద పోయాయి. ఆయన పోయాక పాసు పుస్తకం పెద్దన్న పేరు మీదకు మారింది కాబట్టి అవార్డులో (పరిహారం ఎంత, ఎవరికి అని అధికారి ఇచ్చే ఉత్తర్వులో) అన్న పేరొక్కటే ఉంది. రేటు చాలదని కోర్టుకు వెళ్లిందీ అన్నే. అత్తారింట్లో ఉన్న చెల్లికి ఈ సంగతి ఏ పెళ్లిలోనో చుట్టాల నోట తెలుస్తుంది. మన ఊళ్లలో పరిహారం గొడవలు ఎక్కువగా ఇలాగే మొదలవుతాయి. అప్పుడు లాయర్లు ‘ఇంప్లీడ్ అవుదాం’ అంటారు. నడుస్తున్న కేసులో మనల్నీ పార్టీగా చేర్చమని కోర్టును అడగడమే అది.

ముందు కేసు ఏ రకమో చూడండి

అవార్డు కాపీ, రిఫరెన్స్ (వివాదాన్ని తేల్చమని అధికారి కోర్టుకు పంపే కాగితం) కాపీ, ఎల్‌ఏఓపీ నంబర్ (భూసేకరణ కేసుకు కోర్టు ఇచ్చే నంబర్) సంపాదించండి. నంబర్ తెలియకపోతే ఈ-కోర్ట్స్ వెబ్‌సైట్‌లో పార్టీ పేరుతో వెతకొచ్చు. పాత 1894 చట్టం కింద అయితే సెక్షన్ 18, లేదా 30 అని రాసి ఉంటుంది. 2014 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చిన 2013 చట్టంలో వాటి స్థానంలో 64, 76 ఉన్నాయి. 18, 64 కింద వచ్చేవి ఎక్కువగా రేటు కేసులు. డబ్బు ఎవరికి, ఎంత వాటా అన్న తగువుకు 30, 76 ఉన్నాయి.

ఈ తేడా చూసుకోకుండా పిటిషన్ వేసి, ఏళ్లు తిరిగాక కొట్టేయించుకున్నవాళ్లను చూస్తే బాధేస్తుంది. భూసేకరణ కేసు మామూలు సివిల్ దావా లాంటిది కాదు. కలెక్టరు ఏ వివాదం పంపారో దాన్నే కోర్టు తేల్చాలి. నిజామాబాద్ నుంచి వెళ్లిన ఒక కేసులో సుప్రీంకోర్టు ఈ మాటే చెప్పింది. రేటు కేసులోకి కొత్త మనిషి వచ్చి ‘అసలు భూమి నాది’ అంటే వినే అధికారం ఆ కోర్టుకు ఉండదు.

మీరు ఏ దారిలో వెళ్లాలి?

కేసు వేసిన మనిషి చనిపోతే వారసులు సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) ఆర్డర్ 22 కింద 90 రోజుల్లోగా చేరాలి. గడువు దాటితే కేసు అబేట్ అవుతుంది, అంటే అక్కడితో ఆగిపోతుంది. ఆ అబేట్‌మెంట్‌ను రద్దు చేయించుకోవడానికి ఇంకో 60 రోజులుంటాయి. అదీ దాటితే ఆలస్యానికి కారణం చూపిస్తూ వేరే పిటిషన్ వేయాలి. ఎవరి కోసం భూమి తీసుకున్నారో ఆ స్థానిక సంస్థ కూడా రేటు కేసులో చేరొచ్చు. దానికి నోటీసు ఇవ్వాలని సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనమే చెప్పింది.

ఇక చెల్లి సంగతి. ఉమ్మడి హక్కుదారుల్లో ఒకరు రిఫరెన్స్ కోరినా అది మిగతావాళ్లకూ వర్తిస్తుందని సుప్రీంకోర్టు 1991లో తీర్పిచ్చింది. వాటా ఉందని అన్న ఒప్పుకుంటే చెల్లి ఇదే పట్టుకుని సీపీసీ ఆర్డర్ 1 రూల్ 10 కింద రేటు కేసులో తననూ చేర్చమని అడగొచ్చు. అన్న కాదంటే మాత్రం నేరుగా కోర్టుకు పోవద్దు. సెక్షన్ 30 లేదా 76 కింద రిఫరెన్స్ పంపమని భూసేకరణ అధికారికి అర్జీ పెట్టండి. ఈ సెక్షన్లలో అర్జీకి గడువేమీ రాయలేదు. అలాగని ఊరుకుంటే డబ్బు చేతులు మారిపోతుంది.

అందుకే ఆ అర్జీలోనే ‘వాటా తేలేదాకా చెక్కు ఇవ్వొద్దు, సొమ్ము డిపాజిట్ చేయండి’ అని రాసి, మీ కాపీ మీద ఆఫీసు స్టాంపు, తేదీ వేయించుకోండి. రేపు ‘మాకెవరూ చెప్పలేదు’ అంటే చూపించడానికి మీ చేతిలో ఉండేది ఆ కాగితమే. సొమ్ము అప్పటికే కోర్టులో ఉంటే, అవతలివాళ్లు చెక్ పిటిషన్ (ఆ సొమ్ము తమకు ఇవ్వమని అడిగే పిటిషన్) వేశారేమో వెంటనే కనుక్కోండి.

జాతీయ రహదారికి పోయిన భూమి దారి వేరు. అక్కడ రేటు ఆర్బిట్రేటర్ (మధ్యవర్తి) దగ్గర, వాటా గొడవ సివిల్ కోర్టులో తేలుతుంది.

పిటిషన్‌లో ఏం రాయాలి?

అఫిడవిట్‌లో కష్టాల కథ తగ్గించి హక్కు ఎలా వచ్చిందో రాయండి. ఉదాహరణకు: ‘ఫలానా సర్వే నంబరులోని 4 ఎకరాలు మా నాన్నగారి స్వార్జితం. ఆయన వీలునామా రాయకుండా చనిపోయారు. అమ్మ, అన్న, నేను వారసులం. నాకు మూడో వంతు వస్తుంది. అవార్డు విచారణ నోటీసు నాకు అందలేదు.’ పిత్రార్జితమైతే వాటాల లెక్క మారుతుంది, లాయరుతో కూర్చుని వేయించుకోండి.

పాత పహాణీలు లేదా అడంగళ్లు, ఈసీ (ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్), మరణ ధ్రువపత్రం, ఫ్యామిలీ మెంబర్ సర్టిఫికెట్ జత చేయండి. కేసులో ఉన్న అందరినీ, ప్రభుత్వాన్ని కూడా, ప్రతివాదులుగా చూపండి. ఒక్కరిని వదిలేసినా నోటీసుల దగ్గర వాయిదాలు పెరుగుతాయి. సొమ్ము తీసుకోకుండా ఆపమని ఇంకో ఐఏ (కేసు మధ్యలో వేసే అనుబంధ పిటిషన్) కూడా అదే రోజు వేయండి.

పిటిషన్ అలౌ అయ్యాక కోర్టు చెప్పిన గడువులోగా మీ పేరు కాజ్ టైటిల్‌లో (కేసు పార్టీల జాబితాలో) చేర్పించి క్లెయిమ్ స్టేట్‌మెంట్ (మీ హక్కు, వాటా చెప్పే కాగితం) వేయాలి. కొట్టేస్తే హైకోర్టులో రివిజన్‌కు వెళ్లొచ్చు.

అన్న డబ్బు తీసేసుకున్నాక తెలిసినా టెన్షన్ పడొద్దు. పరిహారం తీసుకున్నవాళ్లు అసలు హక్కుదారుకు చెల్లించాల్సిన బాధ్యత అలాగే ఉంటుందని పాత చట్టం సెక్షన్ 31లోనూ, కొత్త చట్టం సెక్షన్ 77లోనూ రాసి ఉంది. దాన్ని ఉటంకిస్తూ మీ వాటా కోసం సివిల్ కోర్టులో దావా వేయొచ్చు.