బ్లాక్ ఫ్లైలు ఉన్న చోటికి వెళ్తున్నారా, దోమల జాగ్రత్తలు మాత్రమే అక్కడ సరిపోవు

వాగులు నదుల పక్కన ట్రెక్కింగ్‌కి వెళ్లేవాళ్లు ఎక్కువమంది దోమలకి రెడీ అయ్యి వెళ్తారు, తీరా పట్టపగలు మెడ మీద రక్తపు చుక్క కనపడితే గానీ ఇది దోమ పని కాదని, బ్లాక్ ఫ్లై అనే రక్తం తాగే చిన్న ఈగ పని అని తెలీదు. ఇంట్లో తిరిగే ఈగ లాంటిది అని కూడా అనుకోకండి, ఇది 1 నుంచి 5 మిల్లీమీటర్లే ఉంటుంది, వీపు గూనిలా లేచి, రెక్కలు వెడల్పుగా, కాళ్లు పొట్టిగా ఉంటాయి. 2,000కి పైగా జాతులున్నాయి గానీ అన్నీ మనుషుల జోలికి రావు, కొన్ని పక్షులతోనో పశువులతోనో సరిపెట్టుకుంటాయి. కుట్టేది ఆడదే, గుడ్లు తయారవ్వడానికి దానికి రక్తం కావాలి.

ముందు ఇవి ఎక్కడ పుడతాయో చూడాలి. దోమకి నిలవ నీళ్లు కావాలి, దీనికి పారే నీళ్లే కావాలి, కాబట్టి తొట్లు, బకెట్లు బోర్లించి లాభం లేదు. స్పీడుగా పారే చోట నీళ్లలోంచి ఒక రాయి తీసి తిప్పి చూడండి, కింది భాగం కాస్త లావుగా ఉన్న చిన్న చిన్న పురుగులు తోకతో అతుక్కుని ఉంటే అవి దీని లార్వాలే అయ్యుండొచ్చు. అవి రాయి మీద పట్టుదారంతో చిన్న మెత్త అల్లి, తోక చివరి కొక్కేలు అందులో గుచ్చి నిలబడతాయి, తల మీద రెండు విసనకర్రలు విప్పి ప్రవాహంలో కొట్టుకొచ్చే తిండిని పట్టుకుంటాయి (నన్నడిగితే ఈ మొత్తం సబ్జెక్టులో చూడదగ్గది ఇదే). లార్వా తర్వాతి దశ ప్యూపా కూడా నీళ్లలోనే, చివరికి ఈగ ఒక గాలిబుడగలో పైకి తేలి ఎగిరిపోతుంది. అందుకని టెంటు అలాంటి ప్రవాహానికి దూరంగా, గాలి బాగా ఆడే చోట వేసుకోండి. పూర్తిగా తప్పించుకోలేరు, ఇవి కిలోమీటర్లు ఎగరగలవు, కానీ తగ్గుతాయి.

టైమింగ్ కూడా ముఖ్యం. ఇవి పగలే కుడతాయి, పొద్దున, మళ్లీ సాయంత్రం చీకటి పడేముందు ఎక్కువ, రాత్రి రావు, ఇంట్లోకి వచ్చి కుట్టడం కూడా అరుదు, అంటే దోమతెర దీనికి దాదాపు దండగే. నలుపు, ముదురు నీలం బట్టలకి తొందరగా వస్తాయి కాబట్టి లేత రంగులు వేసుకుని, ప్యాంటు అంచులు సాక్స్‌లో దోపేసుకోండి. జుట్టు మొదళ్లు, చెవుల వెనక, కాలర్ లోపలికి పాకి మరీ కుడతాయి. ఆఫ్రికాలో ఉండే సిములియం డామ్నోసమ్ రకం మాత్రం ఎక్కువగా మోకాలి కిందే. బయటికి కనపడే చర్మానికి పురుగుల్ని దగ్గరికి రానివ్వని మందులు డీట్ గానీ పికారిడిన్ గానీ రాయండి, పర్మెత్రిన్ అనే పురుగుమందు బట్టలకే, ఒంటికి కాదు. గుంపులుగా ముసిరే చోట తల మీంచి వేసుకునే నెట్‌ని మించింది లేదు.

కుట్టాక ఏం చేయాలి? దోమ సూదిలా గుచ్చుతుంది, ఇది చర్మాన్ని కోసి ఊరిన రక్తం నాకుతుంది. లాలాజలం తిమ్మిరెక్కిస్తుంది, రక్తం గడ్డకట్టనివ్వదు, అందుకే ఆ టైమ్‌లో తెలీదు, తర్వాత వాపు, రోజుల తరబడి దురద. సబ్బుతో కడిగి, చల్లటి గుడ్డ పెట్టి, దురదకి యాంటీహిస్టమిన్ వేసుకోండి, గోకకండి. చాలా కాట్లు పడితే జ్వరం, తలనొప్పి, వికారం, గ్రంథుల వాపు వస్తాయి, దాన్ని బ్లాక్ ఫ్లై ఫీవర్ అంటారు. ఊపిరి ఆడకపోయినా ముఖం వాచినా వెంటనే ఆసుపత్రికి.

అసలు భయపడాల్సింది ఆంకోసెర్సియాసిస్, అదే రివర్ బ్లైండ్‌నెస్. ఈగ కాటుతో ఒక రకం పురుగు లార్వాలు ఒంట్లోకి వెళ్తాయి, పెద్దయ్యాక చర్మం కింద గడ్డల్లో 10-15 ఏళ్లు బతుకుతూ వేలల్లో పిల్లల్ని వదుల్తాయి, అవి కంటిలో చచ్చినప్పుడు వచ్చే వాపే చివరికి చూపు పోగొడుతుంది. రోగుల్లో 99 శాతానికి పైగా ఆఫ్రికాలోనే ఉన్నారు. ఒకటి రెండు కాట్లతో రావడం అరుదు, నెలల తరబడి అక్కడ ఉండేవాళ్లకే రిస్క్. టీకా లేదు. ఐవర్‌మెక్టిన్ అనే మాత్ర పిల్ల పురుగుల్ని చంపుతుంది, పెద్దవాటిని చంపదు, అందుకే ఏటా ఏళ్ల తరబడి వేసుకోవాలి. 1987 నుంచి మెర్క్ అనే మందుల కంపెనీ దీన్ని ఫ్రీగా ఇస్తోంది, 2013లో కొలంబియా ఈ జబ్బుని పూర్తిగా వదిలించుకున్న మొదటి దేశమైంది.

అలాంటి చోట ఉండొచ్చిన ఏడాది తర్వాతైనా ఆగని దురద, చర్మం కింద గడ్డలు, కంటి మసక కనపడితే ఎక్కడెక్కడ ఎన్నాళ్లున్నారో డాక్టర్‌కి మీరే చెప్పండి, వాళ్లంతట వాళ్లకి తట్టకపోవచ్చు. సొంతంగా ఆ మాత్ర మాత్రం కొనుక్కుని వేసుకోకండి, మధ్య ఆఫ్రికాలో ఉండే లోవా లోవా అనే ఇంకో పురుగు కూడా ఒంట్లో ఎక్కువగా ఉంటే ఐవర్‌మెక్టిన్ మెదడు మీద సీరియస్ రియాక్షన్ తెప్పించగలదు, ముందు దానికి రక్తపరీక్ష చేయించుకోవాలి.