కింది కోర్టులో ఉరిశిక్ష పడితే ఇంటివాళ్లు చేయాల్సిన పనులు

తీర్పు విన్న రోజు ఎవరికీ కాళ్లూ చేతులూ ఆడవు. కానీ సెషన్స్ కోర్టు వేసిన ఉరిశిక్షను హైకోర్టు ఖరారు చేయకుండా అమలు చేయడానికి వీల్లేదు, ముందు అది తెలుసుకుని కాస్త ఊపిరి తీసుకోండి. ఫైలు దానంతటదే హైకోర్టుకు వెళ్తుంది. వెళ్తుంది కదా అని మాత్రం కూర్చోవద్దు, మన తరఫు అప్పీలు విడిగా వేయాలి, గడువు 30 రోజులే.

తీర్పు సర్టిఫైడ్ కాపీ ముద్దాయి అడగకపోయినా ఉచితంగా ఇవ్వాలి. ములాఖత్‌కి వెళ్లినప్పుడు చేతికి అందిందో లేదో కనుక్కోండి. లాయరు ఫీజు కోసం పొలం బేరం పెట్టేముందు ఉచిత న్యాయసహాయం హెల్ప్‌లైన్ 15100కి ఫోన్ చేయండి. జైల్లో ఉన్నవాళ్లకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా లాయరును పెట్టాలి, అది చట్టం ఇచ్చిన హక్కు.

ఇక అసలు పని కాగితాలది. ఎఫ్ఐఆర్, పంచనామాలు, సాక్షుల వాంగ్మూలాలు, ఛార్జిషీటు, కోర్టులో చెప్పిన సాక్ష్యం అన్నీ తెచ్చుకుని, ఏ సాక్షి ఏ తేదీన ఏం చెప్పాడో ఒక నోట్‌బుక్కులో వరసగా రాయండి, ఎంత విసుగొచ్చినా సరే. ఎందుకంటే మహారాష్ట్రలో 2003 నాటి హత్యల కేసు ఒకటుంది. సంచార తెగకు చెందిన ఆరుగురికీ ఉరే సరైనదని 2009లో సాక్షాత్తూ సుప్రీంకోర్టే అంది. 2019లో అదే కోర్టు ఆరుగురూ నిర్దోషులని వదిలేసి, తలా 5 లక్షలు ఇమ్మంది. ప్రాణాలతో మిగిలిన సాక్షి ఘటన జరిగిన కొత్తలోనే పోలీసుల ఫోటోల్లో వేరే నలుగుర్ని గుర్తుపట్టింది, వాళ్లమీద కేసే పెట్టలేదు! మీ ఫైల్లోనూ అలాంటి కాగితం ఉందేమో వెతకండి. పోలీసుల దగ్గర ఒప్పుకున్నాడన్న మాట సాక్ష్యంగా చెల్లదు, అతను చెప్పడంవల్ల దొరికిన వస్తువు వరకే లెక్కలోకి వస్తుంది, కాబట్టి ఆ వస్తువు దొరికినప్పుడు మధ్యవర్తులుగా సంతకం పెట్టింది ఎవరో చూడండి.

శిక్ష తగ్గించమని అడగడానికి స్కూలు టీసీ, ఆసుపత్రి చీటీలు, జైల్లో ప్రవర్తన రిపోర్టు కూడా పోగుచేయండి. వీటిని కోర్టు తప్పక చూడాలని 2022లో సుప్రీంకోర్టు గట్టిగా చెప్పింది.

హైకోర్టులో ఓడినా సుప్రీంకోర్టు ఉంది, అక్కడ రివ్యూ (ఇచ్చిన తీర్పును మళ్లీ చూడమని అడగడం) కూడా ఓపెన్ కోర్టులో వింటారు. ఆఖరున క్షమాభిక్ష. సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన కొత్త చట్టం బీఎన్ఎస్ఎస్‌లో దానికీ 30 రోజులే పెట్టారు, సుప్రీంకోర్టు కొట్టేసిన సంగతి జైలు సూపరింటెండెంట్ చెప్పిన రోజునుంచి లెక్క, అందుకే ఆ తేదీని కాగితం మీద రాయించి తీసుకోండి.