పాత పంటల జాతరకు కెమెరాతో బయలుదేరే ముందు

సంక్రాంతికి జహీరాబాద్ పల్లెల్లో పాత పంటల జాతర మొదలవుతుంది. అక్కడి దళిత మహిళా రైతులతో కలిసి డాక్యుమెంటరీ తీయదలచినవారు ముందుగా ఈ విషయాలు సరిచూసుకోవాలి.

• భూమి గురించో, ఎగవేసిన కూలి గురించో ఒక మహిళ చెప్పిన మాటను ముఖంతో సహా బయటపెట్టే ముందు, ఎడిటింగ్ పూర్తయిన చిత్రాన్ని ఆమెకు చూపించి మళ్లీ అనుమతి అడగండి. మీరు నగరానికి వెళ్లిపోతారు గానీ ఆమె మరునాడు అదే ఆసామి పొలానికి పనికి వెళ్లాలి. వాట్సాప్‌లోకి పోయిన వీడియోను ఎవరూ వెనక్కి తేలేరు.

• ఇంగ్లీషు కాగితం మీద వేలిముద్ర తీసుకుంటే అది అనుమతి కాదు. ఆమె మాటల్లోనే రికార్డు చేయండి.

• లైంగిక నేరానికి గురైన పిల్లల పేరు, ముఖం, బడి, ఇల్లు ఏవీ చూపకండి. 2012 నాటి పోక్సో చట్టంలోని 23వ సెక్షన్ దాన్ని నిషేధిస్తుంది.

• కెమెరాను కంటి ఎత్తులో ఉంచండి. పస్తాపూర్ కమ్యూనిటీ మీడియా ట్రస్టు మహిళలు దీన్ని ‘సంఘం షాట్’ అంటారు, సంఘంలో అందరూ సమానమే కాబట్టి. రొట్టె చేస్తున్న మనిషిని నిలబడి పైనుంచి తీస్తే, పిండిని తిప్పుతూ తట్టే చేతుల నేర్పు కన్నా ఆమె నడినెత్తే ఎక్కువగా కనిపిస్తుంది. ఏళ్లుగా సొంతంగా చిత్రాలు తీస్తున్న ఆ మహిళలను మీ బృందంలోకే ఆహ్వానించడం మరీ మంచిది.

• షూటింగ్ వల్ల పోయే రోజు కూలిని ముందే మాట్లాడుకోండి.

• చిత్రం కాపీ ఒకటి ఊళ్లో ఎవరి దగ్గర ఉండాలో ఆ మహిళా రైతులనే నిర్ణయించనివ్వండి.