గ్యాస్ ఖర్చు లెక్క ఎక్కడ తప్పుతోంది?

ముందు రేటు తేల్చుకోండి. ఇంటి బండలో ఉండేది 14.2 కిలోల గ్యాస్. ధర రూ. 900 అనుకుంటే కిలో సుమారు రూ. 63, గ్రాము 6.3 పైసలు. కింది లెక్కలన్నీ ఈ ధర మీదే. డెలివరీ కుర్రాడి చేతిలో పెట్టేది కూడా ఖర్చే, అదీ కలుపుకోండి.

40 రోజులు రావాల్సిన బండ 28 రోజులకే అయిపోతోంది

రోజులు లెక్కపెడితే ఏమీ తెలియదు. చుట్టాలొచ్చిన వారం, ఊరెళ్లిన వారం అన్నీ అందులో కలిసిపోతాయి. తూకం వేయాలి. బండ పైన పట్టీ మీద ఖాళీ బరువు కొట్టి ఉంటుంది. అది 15.3 అయితే నిండు బండ 29.5 కిలోలు తూగాలి. దింపించుకునేటప్పుడే తూకం వేయించుకోండి, అడిగే హక్కు మీకుంది.

తర్వాత ఇంట్లో మనుషులు బరువు చూసుకునే మిషన్ చాలు. బండ అడుగు రింగు అంకెల్ని కప్పేస్తే మధ్యలో చిన్న పీట వేసి, దాని బరువు తీసేయండి. రెగ్యులేటర్ తీసేశాకే తూచాలి, ట్యూబు లాగితే అంకె మారిపోతుంది. ఈ మిషన్లలో 100 గ్రాముల తేడా మామూలే. రోజు వాడకమే 350-500 గ్రాములు కాబట్టి ఒక్కరోజు తూకాన్ని నమ్మలేం. ఈ ఆదివారం, వచ్చే ఆదివారం తూచి ఏడుతో భాగించండి.

వాడకం నిజంగానే పెరిగిందని తేలితే మంట చూడండి. నీలంగా లేక పసుపుగా ఉండి, గిన్నె అడుగున మసి పడుతుంటే గాలి సరిగా కలవడం లేదు. బర్నర్ మూతను సబ్బునీళ్లతో కడిగి, రంధ్రాలు శుభ్రం చేసి, పూర్తిగా ఆరాక పెట్టండి. లోపల గ్యాస్ బయటికొచ్చే సన్న రంధ్రమున్న ఇత్తడి జెట్‌లో మాత్రం పిన్నీసు గుచ్చొద్దు. ఆ రంధ్రం కాస్త పెద్దదైనా గ్యాస్ ఎక్కువొచ్చి మంట మళ్లీ పసుపే. కొత్త జెట్ వేయించడమే దారి.

మంట బాగుంటే లీకు అనుమానించండి. నాబ్‌లు కట్టేసి, రెగ్యులేటర్ ఆన్‌లో ఉంచి, ట్యూబు రెండు చివర్లా సబ్బు నురగ రాయండి. బుడగలొస్తే రెగ్యులేటర్ కట్టేసి ఆ ట్యూబు మార్పించండి. వాసన గట్టిగా వస్తుంటే ఈ పరీక్షలేవీ వద్దు. కరెంటు స్విచ్ ముట్టుకోకుండా, రెగ్యులేటర్ కట్టేసి, కిటికీలు తీసి, బయటికొచ్చి గ్యాస్ లీకు అత్యవసర నంబరు 1906కి ఫోన్ చేయండి.

కాగితం మీద లెక్క అసలు వాడకం కంటే ఎక్కువొస్తోంది

పెద్ద బర్నర్‌కు రాసే 2.2 కిలోవాట్లు నిండు మంట మాట. అంటే గంటకు దాదాపు 170 గ్రాములు. సిమ్‌లో అందులో పావు వంతు అనుకోవచ్చు. పప్పు కుక్కర్ 8 నిమిషాలు నిండు మంట, 10 నిమిషాలు సిమ్ అయితే 23 + 7 = 30 గ్రాములు, రెండు రూపాయల లోపు. 18 నిమిషాలూ నిండు మంటగా లెక్కేస్తే 51 గ్రాములవుతుంది. తేడా అంతా అక్కడే.

గ్యాస్ గీజర్ పెట్టాక బండ నిలవడం లేదు

20 లీటర్ల బకెట్ నీళ్లు 25 నుంచి 42 డిగ్రీలకు కాగడానికి సుమారు 37 గ్రాములు. నలుగురికి నాలుగు బకెట్లంటే నెలకు నాలుగున్నర కిలోలు, బండలో మూడో వంతు. అదే నిమిషానికి 6 లీటర్ల షవర్ కింద పది నిమిషాలుంటే ఒక్కరికే 110 గ్రాములు. గీజర్ తప్పు కాదు, షవర్ తప్పు. (ఇంకా బాత్రూమ్ లోపలే బిగించి ఉంటే ఖర్చు సంగతి తర్వాత, ముందు దాన్ని బయటికి మార్పించండి. గ్యాస్ సరిగా మండకపోతే పుట్టే విషవాయువు కార్బన్ మోనాక్సైడ్‌కు వాసన ఉండదు.)

పైపు గ్యాస్ మీటర్‌లో వేలల్లో కనిపిస్తోంది

హైదరాబాద్, విజయవాడ, కాకినాడల్లో పైపు గ్యాస్ తీసుకున్నవాళ్లకు మొదట్లో ఈ కంగారు ఉంటుంది. నల్ల అంకెలే ఘనపు మీటర్లు. ఎర్రవి దశాంశం తర్వాతివి, వదిలేయండి. వేడి పరంగా ఒక బండ సుమారు 18 ఘనపు మీటర్లకు సమానం. బిల్లు రెండు నెలలదైతే సగం చేసి పోల్చండి. మంట మరీ చిన్నగా ఉండి వంట ఆలస్యమవుతుంటే పాత స్టవ్‌లో బండ గ్యాస్ జెట్లే ఉన్నాయని అర్థం. పైపు గ్యాస్‌కు పెద్ద రంధ్రం జెట్ కావాలి.