రోజుకు ఒక ఘడియ: సరిహద్దు ఊళ్ల తెలుగు ఇళ్లకు కాలం లెక్క

ఆంధ్ర సరిహద్దు దగ్గర ఒడిశాలో ఉన్న పర్లాకిమిడి, గుణుపురం, రాయగడ, బరంపురం వంటి ఊళ్లలోని తెలుగు ఇళ్లలో కాలానికి రెండు లెక్కలు నడుస్తాయి. గోడకు తెలుగు క్యాలెండరు ఒకటి, దాని పక్కనే ఒడియా క్యాలెండరు మరొకటి వేలాడుతుంటాయి. ఉగాదికి ఒకసారి, ఏప్రిల్ మధ్యలో వచ్చే పణా సంక్రాంతికి ఇంకొకసారి కొత్త సంవత్సరం వస్తుంది. ఇంత పంచాంగం తెలిసిన ఇంట్లో కూడా వర్జ్యం, దుర్ముహూర్తం, రాహుకాలం చూసి ఏ పని ఎప్పుడు చేయకూడదో తెలుసుకుంటారే గాని, ఏ పనికి ఎంత కాలం ఇవ్వాలో ముందుగా నిర్ణయించుకునేవారు అరుదు. సుమారు గంటన్నర ఉండే రాహుకాలాన్ని తప్పించుకోవడానికి చూపే శ్రద్ధలో సగమైనా మనకు కావలసిన పనికి వేళ కేటాయించడంలో చూపితే చాలు. అదెలాగో ఇక్కడ వివరిస్తాను.

లెక్కకు గంట కన్నా ఘడియ అనువుగా ఉంటుంది. ఘడియ అంటే 24 నిమిషాలు. రోజుకు 60 ఘడియలు. ఎనిమిది గంటల నిద్రకు 20 ఘడియలు పోతాయి. ఉద్యోగానికో, కొట్టుకో, పొలానికో రాకపోకలతో కలిపి పది గంటలు అనుకుంటే 25 ఘడియలు. స్నానం, భోజనం, వంట, బజారు పనులకు మరో 10. చివరికి చేతిలో మిగిలేవి 5 ఘడియలు, అంటే రెండు గంటలు. పొయ్యి దగ్గర నిలబడే మనిషికి ఆ ఐదు కూడా మిగలవు కనుక, ఇంటిపని ఎవరెవరు ఎంత పంచుకుంటారో తేల్చకుండా ఇంటిల్లిపాదికీ ఒకే సమయపట్టిక వేయడం అన్యాయమని నా అభిప్రాయం.

ముందుగా ఒక వారం పాటు కాలం ఎటు పోతున్నదో రాసి చూడాలి. చిన్న చిత్తుపుస్తకం జేబులో పెట్టుకుని, ఒక పని ముగించి మరొక పనిలోకి వెళ్లిన ప్రతిసారీ వేళ వేసుకోవాలి. రాత్రి పడుకునే ముందు గుర్తు తెచ్చుకుని రాస్తే లెక్క కుదరదు, ఎందుకంటే చేసిన పనులు గుర్తుంటాయి గాని ఊరికే పోయిన సమయం గుర్తుండదు. ఫోను విషయంలో రాసుకునే శ్రమ కూడా లేదు. ఆండ్రాయిడ్ ఫోనులో సెట్టింగ్స్‌లోని డిజిటల్ వెల్‌బీయింగ్ తెరిచినా, ఐఫోనులో స్క్రీన్ టైమ్ తెరిచినా ఏ యాప్ ఎంత సేపు చూశారో నిమిషాలతో సహా కనిపిస్తుంది. రోజుకు ఇంతకు మించి తెరుచుకోకుండా గడువు పెట్టే వీలు కూడా అక్కడే ఉంది.

ఆ తరువాత ఒకే ఒక్క పనిని ఎంచుకోవాలి. ఉదయం ఐదింటి నుంచి రాత్రి పదింటి దాకా గళ్లు గీసి నింపుకునే పట్టికల మీద నాకు నమ్మకం లేదు. మొదటి చుట్టం రాగానే అవి చెదిరిపోతాయి. ఎంచుకోవడానికి ఒక పరీక్ష ఉంది: ఈ పనిని పదేళ్ల తరువాత మొదలుపెట్టినా ఇంతే బాగా చేయగలమా? చేయగలిగితే అది ఆగుతుంది. చేయలేకపోతే ఈ రోజు ఘడియ దానికే ఇవ్వాలి.

ఇటువంటి ఎంపికకు ఉదాహరణ కోసం దూరం వెళ్లనక్కరలేదు. 1880లో పర్లాకిమిడి రాజావారి బడిలో ఉపాధ్యాయుడిగా చేరిన గిడుగు రామమూర్తి పంతులుగారు, కొండల్లో ఉండే సవర అనే గిరిజన తెగలో తెలుగు తెలిసిన ఒకరిని ఇంట్లో పెట్టుకుని, బడి ఉద్యోగం చేసుకుంటూనే సవర భాష నేర్చుకున్నారు. సవరల కోసం కొండల్లో తిరిగినప్పుడు పట్టిన జ్వరానికి వాడిన క్వినైన్ వల్ల ఆయన వినికిడి దెబ్బతిన్నది. ఆయన రాసిన సవర వ్యాకరణం అచ్చయినది 1931లో, ఆయనకు డెబ్బై ఏళ్లు దగ్గరపడుతుండగా. నిఘంటువు ఆ తరువాత వచ్చింది. 1936 ఏప్రిల్ 1న ఒడిశా రాష్ట్రం ఏర్పడి పర్లాకిమిడి అందులో చేరినప్పుడు ఆయన రాజమండ్రికి తరలిపోయారు. విశ్రాంతి దొరికాక చూద్దామనుకుని ఉంటే ఆ చెవులతో కొత్త భాష ధ్వనులు పట్టుకోవడం ఎంత కష్టమయ్యేదో ఊహించవచ్చు.

మన ఇళ్లలో ఇప్పుడు ఆ పరీక్షకు నిలిచే పని ఒకటి స్పష్టంగా ఉంది. పిల్లలు బడిలో ఒడియా, ఇంగ్లీషు, హిందీ చదువుతారు. ఇంట్లో తెలుగు మాట్లాడతారు గాని చదవలేరు. చదవడం నేర్పగలిగిన నాయనమ్మో, తాతగారో ఇంట్లో ఓపికగా ఉన్న రోజులు ఎన్నో ఉండవు. రోజూ సాయంత్రం దీపం పెట్టిన వెంటనే ఒక ఘడియ దీనికి కేటాయించవచ్చు. దీపం పెట్టడం ఎలాగూ మానరు కనుక దానికి జతచేసిన పని కూడా మరుపున పడదు. పలక, బలపం ముందే అక్కడ ఉంచాలి. వాటిని వెతకడంతోనే పావు ఘడియ పోతుంది.

ఒడియా వర్ణమాల వరుస వచ్చిన పిల్లలకు అచ్చులు, క వర్గం, చ వర్గం అన్న క్రమం మళ్లీ నేర్పనక్కరలేదు, అక్షర రూపాలు చూపిస్తే సరిపోతుంది. చిక్కు వచ్చే చోట్లు వేరే ఉన్నాయి. ఒడియాలో ఠ అక్షరం గుండ్రని సున్నలా ఉంటుంది కాబట్టి, ‘పండు’ అని రాసి చదవమంటే పిల్లవాడు నడుమనున్న సున్నను ఠ అనుకుని ఆగిపోతాడు. అప్పుడు తప్పని గద్దించకుండా పండు, గంట, కొండ అని వరుసగా రాసి చదివిస్తే రెండు మూడు రోజుల్లో సర్దుకుంటుంది. ఒడియాలో ఎ, ఏ అనీ, ఒ, ఓ అనీ హ్రస్వదీర్ఘాలకు వేరు వేరు అక్షరాలు లేవు. అందువల్ల మెడ, మేడ; ఒడి, ఓడి వంటి జంటలకు ఎక్కువ రోజులు ఇవ్వాలి. ఘడియ పూర్తికాగానే, పిల్లవాడు ఇంకా చదువుతానన్నా సరే, పలక పక్కన పెట్టేయడం మంచిది.

ఎంచుకున్న ఘడియకు అసలు ముప్పు బంధువర్గం నుంచి వస్తుంది. సరిహద్దుకు రెండు వైపులా చుట్టాలు, రెండు భాషల ఇరుగుపొరుగు, రెండు వరుసల పండుగలు ఉన్నవారికి పిలుపులకు కొదవ ఉండదు. ‘చూద్దాంలెండి, వీలైతే వస్తాం’ అన్న జవాబు పిలిచినవారినీ కట్టిపడేస్తుంది, మనల్నీ కట్టిపడేస్తుంది. దానికి బదులు పిలుపు అందిన రోజే, ‘బావగారూ, ముహూర్తం వేళకు రాలేం, ముందురోజు పొద్దున్నే వచ్చి పిల్లను దీవించి వెళ్తాం’ అని చెప్పేస్తే ఎవరూ నొచ్చుకోరు.

బస్సుకోసం, బ్యాంకులో, ఆసుపత్రిలో ఎదురుచూసే సమయాన్ని ఫోన్లు చేయవలసిన వారికి చేయడానికి, పద్దులు రాయడానికి వాడుకుంటే ఇంటి ఘడియలోకి ఆ పనులు చొరబడవు.

విశ్రాంతికి కూడా వేళ ముందే నిర్ణయించాలి. ఈ విషయంలో మన ఒడియా పొరుగువారి రజ పండుగను చూసి నేర్చుకోవలసినది ఎంతో ఉంది. జూన్ మధ్యలో మిథున సంక్రాంతి చుట్టూ వచ్చే ఆ మూడు రోజులూ భూదేవికి విశ్రాంతి అని నాగలి కట్టరు, మట్టి తవ్వరు, ఆడపిల్లలు ఊయలలూగుతారు. తొలకరి పనులు ముంచుకొచ్చే రోజుల్లోనే ఈ విరామం వస్తుందన్నది గమనించాలి. పోడపిఠా వంటి పిండివంటలు ముందే వండి సిద్ధం చేసుకుంటారు గనుకనే ఆ రోజుల్లో వంటింటికీ కాస్త తెరిపి దొరుకుతుంది. నెలకొక పూట మనమూ అలాగే, ముందురోజే పనులు ముగించుకుని, ఏ పనీ పెట్టుకోకుండా ఉంచుకోవాలి.

చేసినదాన్ని సరిచూసుకోవడానికి సూర్యుడు రాశి మారే రోజు, అంటే నెలనెలా వచ్చే సంక్రమణం రోజు అనుకూలం. అధికమాసం వచ్చిన ఏడాది కూడా సంక్రమణాలు పన్నెండే ఉంటాయి కనుక లెక్క తప్పదు. ఆ రోజు క్యాలెండరులో ఘడియ సాగిన రోజులకు టిక్కు పెట్టి, సాగని రోజుల పక్కన కారణం ఒక్క మాటలో రాయాలి. ఒకే కారణం పదే పదే కనిపిస్తే వేళ మార్చాలి. సాయంత్రం కుదరని ఇంట్లో తెల్లవారుజామున కుదరవచ్చు. పరీక్షల నెలలో, కోతల రోజుల్లో ఘడియను సగానికి తగ్గించవచ్చు గాని ఆ కొద్ది రోజుల కోసం వేళను మార్చకూడదు, పూర్తిగా ఆపకూడదు. అక్షరాలు, గుణింతాలు అయిపోయాక సరిహద్దు అవతల ఆంధ్రలోని పాతపట్నం వెళ్లినప్పుడల్లా బస్సు బోర్డులు, దుకాణాల పేర్లు పిల్లలచేత పైకి చదివించి, తడబడిన అక్షరాన్ని చిత్తుపుస్తకంలో రాసుకుని, మరునాటి సాయంత్రం పలక మీద మొదట దానినే రాయించాలి.