పసుపు కుంకుమ పొలం: తగాదా హక్కుదా, గట్టుదా?

నెల్లూరు, ప్రకాశం జిల్లాల్లో ఆడపిల్లకు పెళ్లిలో పసుపు కుంకుమ కింద ఎకరమో, అరెకరమో ఇవ్వడం తరాలుగా ఉన్న ఆచారం. ఆ పొలం మీద తగాదా వచ్చినప్పుడు అది హక్కు గురించిన తగాదానా, గట్టు గురించినదా అన్నది ముందుగా తేల్చుకోవాలి. హక్కు తేలని పొలాన్ని సర్వేయరు చేత ఎన్నిసార్లు కొలిపించినా, గట్టు జరిగిన పొలానికి కొలతలే లేకుండా దావా వేసినా, ఏళ్లు గడుస్తాయి తప్ప పని తెమలదు.

సమస్య: ముప్పై ఏళ్లుగా సాగు చేసుకుంటున్నా, “మేనత్తా, నీకు కాగితం ఏది?” అని అన్నదమ్ముల బిడ్డలు అడుగుతున్నారు.

పొదిలి దగ్గర ఒక ఇంట్లో, ట్రంకుపెట్టె అడుగున దాచిన పసుపు కుంకుమ కాగితం ఒకటి చూశాను. నాలుగు మూలలా పసుపు రాసి, ఊరి పెద్దల వేలిముద్రలు వేయించిన తెల్లకాగితం అది. ఆమెకు అది తండ్రి మాట. చట్టానికి మాత్రం అది దానపత్రం కాదు. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం 123వ సెక్షను ప్రకారం స్థిరాస్తి దానానికి దాత సంతకం, కనీసం ఇద్దరు సాక్షుల సంతకాలు, రిజిస్ట్రేషను తప్పనిసరి. దాత బతికి ఉండగానే గ్రహీత స్వీకరించి ఉండాలని 122వ సెక్షను చెబుతుంది.

తండ్రి జీవించి ఉంటే ఆలస్యం చేయకుండా దాన సెటిల్‌మెంటు దస్తావేజు రిజిస్టరు చేయించుకోవాలి. ఆయన లేకపోతే, వారసులందరినీ ఒప్పించి భాగపరిష్కార (ఆస్తి పంపకాల) దస్తావేజు రాయించుకోవడం అన్నిటికన్నా మేలైన దారి. వారు ఒప్పుకోకపోతే కూతురిగా తన వాటా కోసం దావా వేయవచ్చు. లేదా 12 ఏళ్లకు పైగా, అందరికీ తెలిసేలా, తనదిగానే అనుభవించానని శిస్తు రసీదులతో, పాత అడంగళ్లతో (ఎవరు సాగు చేస్తున్నారో రాసే గ్రామ లెక్కలతో) నిరూపించే ప్రయత్నం చేయవచ్చు. ఈ రెండో దారిలో ఋజువు భారం బరువైనది కనుక వాటా దావానే ముందుగా ఆలోచించమని నా సలహా.

సమస్య: దస్తావేజు రిజిస్టరు అయింది, కానీ 1-బి (రెవెన్యూ వారి భూహక్కుల రికార్డు) లో ఇంకా అన్న పేరే ఉంది.

ఇక్కడ లోపం దానంలో లేదు, మ్యుటేషను (రెవెన్యూ రికార్డులో పేరు మార్పు) చేయించుకోకపోవడంలో ఉంది. ఈ.సి. (ఆ భూమి మీద రిజిస్టరైన లావాదేవీల ధ్రువపత్రం) తీసి, మీసేవలో మ్యుటేషనుకు దరఖాస్తు చేయాలి. తహశీల్దారు తిరస్కరిస్తే ఆర్డీవోకు అప్పీలు ఉంది. పొదిలి, దర్శి, కనిగిరి, కందుకూరు ప్రాంతాల్లో, ప్రకాశం జిల్లా ఏర్పడిన 1970కి ముందు రాసిన పత్రాల్లో నెల్లూరు జిల్లా అని ఉంటే కంగారు పడనక్కరలేదు. గ్రామం, సర్వే నంబరు సరిపోవడం ముఖ్యం. ఇచ్చిన భూమి ప్రభుత్వం పేదలకు ఇచ్చిన అసైన్‌మెంటు పట్టా అయితే మాత్రం 1977 నాటి చట్టం అటువంటి దానాన్ని నిషేధించింది, తర్వాతి సవరణల్లో కొన్ని సడలింపులే వచ్చాయి కనుక, దరఖాస్తు పెట్టకముందే ఆ సంగతి చూసుకోవాలి.

సమస్య: పత్రంలో ఎకరా ఇరవై సెంట్లు, నేల మీద ఎకరా పన్నెండు.

చాలా దానపత్రాలను పొలం కొలవకుండా, పాత దస్తావేజు చూసి రాసేస్తారు. చెక్కుబందీలో (నాలుగు వైపుల హద్దుల వివరాల్లో) “తూర్పున ఫలానావారి పొలం” అని ఉంటుంది. ఆ మనిషి పోయి, ఆ పొలం మూడు చేతులు మారి ఉంటుంది. సర్వే నంబరులో కొంత భాగాన్నే ఇచ్చి సబ్ డివిజన్ (ఆ భాగానికి వేరే నంబరు) చేయించకపోవడం, దున్నేటప్పుడో చెరువు తవ్వేటప్పుడో సర్వే రాయి కదిలిపోవడం మిగతా కారణాలు. ఇళ్ల స్థలాల్లో అంకణం తెచ్చే చిక్కు వేరు: కొన్నిచోట్ల అంకణమంటే 36 చదరపు అడుగులు, కొన్నిచోట్ల 72. అందుకే పత్రంలో చదరపు అడుగులు తప్పక రాయించాలి.

విస్తీర్ణానికీ హద్దులకూ పొంతన లేనప్పుడు న్యాయస్థానాలు సాధారణంగా హద్దులకే విలువ ఇస్తాయి. కాబట్టి దాత కొన్నప్పటి లింకు దస్తావేజులు (అంతకుముందటి హక్కు పత్రాలు), ఎఫ్.ఎం.బి. (సర్వే శాఖ కొలతల పటం) నకలు ముందు సంపాదించాలి. ఎఫ్.ఎం.బి.లో ఒక వైపు 250 లింకులు (సర్వే గొలుసు కొలత) ఉంటే అది 165 అడుగులు. ఆ పొడవునా గట్టు నాలుగు అడుగులు లోపలికి జరిగితే 660 చదరపు అడుగులు, అంటే ఒకటిన్నర సెంటు పోయినట్టే. ఈ లెక్క వేసుకుంటే పోయినది గట్టు దగ్గరా, లేక పత్రం రాసినప్పుడే లేదా అన్నది తెలిసిపోతుంది.

గట్టు దగ్గరే అయితే మీసేవలో ఎఫ్-లైను (హద్దులు కొలిచి చూపమనే) దరఖాస్తు పెట్టాలి. ఇరుగుపొరుగు రైతులకు నోటీసు అందిందో లేదో స్వయంగా కనుక్కోవాలి, ఎందుకంటే వారు లేని కొలతను వారు ఒప్పుకోరు. కొలిచినా ఒప్పుకోకపోతే సివిల్ కోర్టులో దావా వేసి, అడ్వకేట్ కమిషనరును (స్థలం చూసి రావడానికి కోర్టు నియమించే లాయరును) సర్వేయరుతో సహా పంపమని కోరవచ్చు. ఎదుటివారు హక్కునే కాదంటున్నప్పుడు ఇంజంక్షను (పొలం జోలికి రావద్దనే కోర్టు ఉత్తర్వు) ఒక్కటే అడిగితే చాలదు, హక్కు ప్రకటన కూడా కోరాలి. కొలత ఒప్పుదల అయితే ఆ సాయంత్రమే, అందరూ గట్టు మీద ఉండగానే, పంచనామా మీద సంతకాలు తీసుకుని రాళ్లు పాతించాలి.